పేరు కోసం ఎంతవరకు వెళ్లాలి?

ప్రశ్న: డిగ్రీ చివరి సంవత్సరం చదువుతున్నాను. రెండు షార్ట్ ఫిల్ముల్లో నటించాను. సినిమాల్లో నటిగా పేరు తెచ్చుకోవాలని ఉంది. ఈమధ్య ఒక మేనేజర్ ‘కమిట్‌మెంట్ ఇవ్వకుండా ఇక్కడ ఎవరూ పైకి రారు’ అన్నాడు. విలువలు అంటూ కూర్చుంటే అవకాశాలు పోతాయా?

జవాబు: కొన్ని పోతాయమ్మా. ఆ మాట దాచి నీకు ధైర్యం చెప్పలేను. కానీ ‘కమిట్‌మెంట్’ పేరుతో లైంగికంగా లొంగమని అడగడం సినిమారంగం పద్ధతి కాదు, అతని బేరం. పని చేసే చోట లైంగిక వేధింపులను అడ్డుకునే 2013 నాటి చట్టం ప్రకారం, పదిమంది లేదా అంతకంటే ఎక్కువమంది పనిచేసే చోట ఫిర్యాదుల కమిటీ ఉండాలి. సినిమా నిర్మాణ సంస్థలకూ ఇది తప్పదని 2022లో కేరళ హైకోర్టు చెప్పింది. కమిటీ లేని చోట జిల్లా స్థాయి కమిటీకి ఫిర్యాదు చేయవచ్చు. మామూలుగా మూడు నెలల్లోపు, రాతపూర్వకంగా ఇవ్వాలి. అందుకే అతని మెసేజ్‌లు ఉంటే డిలీట్ చేయకు. ఇంట్లో ఒకరికైనా విషయం చెప్పు. మలయాళ సినిమారంగంలో మహిళల పరిస్థితులపై 2024 ఆగస్టులో బయటికొచ్చిన జస్టిస్ హేమ కమిటీ నివేదిక చూస్తే, ఇలాంటి మాటలు ఎంతమంది నటీమణులు విన్నారో తెలుస్తుంది. తప్పు నీలో వెతుక్కోకు.

నేను గట్టిగా చెప్పాలనుకున్నది మాత్రం డబ్బు గురించి. చాలామంది మంచి పిల్లలు విలువలు లేక లొంగిపోరు, వచ్చే నెల అద్దెకి డబ్బు లేక లొంగిపోతారు. కాబట్టి డిగ్రీ పూర్తి చెయ్యి. డబ్బింగ్, ఎడిటింగ్, సబ్‌టైటిల్స్, ఏదో ఒక పని నెలనెలా డబ్బు వచ్చేంత బాగా నేర్చుకో. అదే సమయంలో నాటకాలు వెయ్యి, నటనలో శిక్షణ తీసుకో. పుణెలోని ఎఫ్‌టీఐఐ (ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్) లాంటి ప్రభుత్వ సంస్థలు ప్రవేశ పరీక్ష పెట్టి తీసుకుంటాయి. చేతిలో పని ఉన్నవాళ్లు ‘కుదరదు’ అని చెప్పి రాత్రి నిద్రపోగలరు. నటులకి డబ్బివ్వాల్సింది నిర్మాత. పాత్ర కోసం నిన్నే ఎదురు డబ్బు అడిగితే అక్కడితో ఆపెయ్.

పేరు వచ్చాక ఇదే ఇబ్బంది ప్రకటనల రూపంలో వస్తుంది. ప్రకటనలో చెప్పేది నిజమో కాదో వాకబు చేయకుండా ఒప్పుకుని, అది తప్పుదోవ పట్టించేదని తేలితే, 2019 వినియోగదారుల రక్షణ చట్టం కింద నటులకీ మొదటిసారి 10 లక్షల రూపాయల వరకు జరిమానా పడవచ్చు. జరిమానా సంగతి అలా ఉంచు, నీ ముఖం చూసి కొన్నవాళ్లు మోసపోవడం నాకు అంతకంటే పెద్ద విషయం.

ప్రస్తుతానికి ఆ మేనేజర్‌కి జవాబు ఇవ్వాల్సిన అవసరం లేదు. ఇకపై ఏ ఆడిషన్ పిలుపు వచ్చినా నిర్మాణ సంస్థ ఆఫీసుకే ఫోన్ చేసి నిజమో కాదో కనుక్కో. పగటిపూట, తోడుగా ఒకరిని తీసుకుని వెళ్లు. తోడు వద్దన్న చోటికి వెళ్లకు.