బామ్మ వేషం గురించి రాయబోయే ముందు

చిరంజీవికి,

జర్మన్ నటి మార్గరెటె హాగెన్ మీద నువ్వు పంపిన చిత్తుప్రతి చదివాను. మంచి మనిషిని ఎంచుకున్నావు. 1950ల జర్మన్ పల్లె సినిమాల మీద, అదే హైమాట్‌ఫిల్మ్‌ల మీద, రాసేవాళ్ళంతా కథానాయికల చుట్టూనే తిరుగుతారు. అయితే నీ వ్యాసం సినిమా పేర్ల పట్టికలా ఉంది. ఆమె తెర మీద ఏం చేసిందో ఒక్క వాక్యమూ లేదు.

ముందు ఇమ్మెన్‌హోఫ్ సినిమాలు మూడూ (1955, 1956, 1957) పట్టుకో. తల్లిదండ్రులు లేని మనవరాళ్ళను సాకుతూ, అప్పుల్లో ఉన్న పోనీ గుర్రాల ఎస్టేట్‌ను నెట్టుకొచ్చే బామ్మ వేషం ఆమెది. చూసేవాళ్ళ కళ్ళన్నీ పిల్లల మీదా పోనీల మీదా ఉంటాయి. అప్పు భారం మోసేది మాత్రం బామ్మే. ఆ భారం తీసేస్తే మొదటి సినిమాలో కథే నడవదు. యుద్ధం తర్వాత కోటికి పైగా జర్మన్లు తూర్పున ఇల్లూ పొలమూ వదులుకుని వచ్చారు. ఇల్లు చేజారుతుందన్న బెంగ ఆ ప్రేక్షకులకు కొత్త కాదు. అది మనసులో పెట్టుకుని ఆమెను చూడు.

ఒక్కో సినిమా మూడుసార్లు చూడాలి. మొదటిసారి ఊరికే చూడు. రెండోసారి శబ్దం తీసేసి, కాగితం మీద నాలుగు గళ్ళు గీసుకో: ఎన్నో నిమిషంలో వచ్చింది, ఎవరితో ఉంది, చేతులతో ఏం చేస్తోంది, వెళ్ళాక కథలో ఏం మారింది. అసలు సరుకు నాలుగో గడిలోనే దొరుకుతుంది. అది తరచూ ఖాళీగా ఉంటే ఆ వేషం అలంకారానికే పెట్టారన్నమాట, ఆ మాటే రాసెయ్యి. మూడోసారి కళ్ళు మూసుకుని విను. ఆమె పుట్టింది దక్షిణాన న్యూరెంబర్గ్‌లో, 1889లో. కథ జరిగేది ఉత్తర కొసన ష్లెస్విగ్-హోల్‌స్టైన్‌లో. మాట తీరు ఆ ఊరికి అతికిందా లేదా అన్నది సబ్‌టైటిల్స్‌లో తెలియదు, జర్మన్ బాగా వచ్చినవాళ్ళను పక్కన కూర్చోబెట్టుకో.

నిమిషాల దగ్గర జాగ్రత్త. థియేటర్లో సెకనుకు 24 ఫ్రేములు, యూరప్ టీవీ కాపీల్లో 25. అందుకే 90 నిమిషాల సినిమా అక్కడ 86 నిమిషాలకే అయిపోతుంది. ఏ కాపీ చూశావో రాసుకో, లేకపోతే నీ లెక్క ఇంకొకరి లెక్కతో కలవదు. ఒకే పేరుతో వచ్చిన సినిమాలు ఇంకా చిక్కు. ‘గ్రూన్ ఇస్ట్ డీ హైడె’ 1932లో, 1951లో, 1972లో వచ్చింది. సంవత్సరం చూడకపోతే ఒక నటి వేషం ఇంకొకరి ఖాతాలో పడుతుంది. 1954 నాటి ‘డేర్ ఫోర్స్టర్ ఫోమ్ జిల్బర్‌వాల్డ్’ ఆస్ట్రియా సినిమా, దాన్ని జర్మనీ లెక్కలో కలిపేయకు.

తారాగణాన్ని టైటిల్స్‌తో, ఆనాటి ‘ఇల్లుస్ట్రియెర్టె ఫిల్మ్-బ్యూనె’ సినిమా కరపత్రాలతో సరిచూసుకో. రంగస్థలం రోజుల కోసం ‘డాయ్‌చెస్ బ్యూనెన్ యార్‌బుఖ్’ అనే నాటకరంగ వార్షిక సంచికలు తిరగెయ్యి. ఊరూరి నాటకశాలల్లో ఏ ఏడు ఎవరు పనిచేశారో అందులో ఉంటుంది. 1955లో ఆమెకు 65 ఏళ్ళు. అంతకుముందు చేసిన పని తెలియకుండా ఆ బామ్మ నిబ్బరం ఎక్కడిదో చెప్పలేవు.

మొదటి సినిమా గళ్ళు నింపి పంపు. వ్యాసం మొదలుపెట్టే సంగతి అది చూశాక మాట్లాడుకుందాం.