పాకడమా, దోగాడడమా?

సందేహం: సిమోన్ ఫోర్టీ అనే నర్తకి గురించి రాస్తూ "జంతువులా నటిస్తూ నేల మీద దోగాడింది" అన్నాను. దోగాడేది పసిపిల్లలు, పెద్దవాళ్ళకైతే "పాకింది" అనాలని మిత్రుడు అంటున్నాడు. ఏది సరి?

సమాధానం: మీ మిత్రుడి అభ్యంతరంలో న్యాయం ఉంది, ఆయన ఇచ్చిన మాట మాత్రం ఇక్కడ పొసగదు. దోగాడడమంటే అరచేతులూ మోకాళ్ళూ నేలకు ఆనించి కదలడం. పెద్దవాళ్ళ విషయంలో ఆ మాట వాడితే పసితనం స్ఫురిస్తుంది. పాకడం పసిబిడ్డకూ చెల్లుతుంది, పాముకూ బల్లికీ చిక్కుడు తీగకూ చెల్లుతుంది. నేలనో గోడనో పందిరినో అంటిపెట్టుకుని సాగే కదలిక అది. ఫోర్టీ అనుకరించిన ఎలుగుబంటి పాకదు. పొట్ట నేలకు తగలకుండా నాలుగు కాళ్ళ మీద బరువు మార్చుకుంటూ నడుస్తుంది.

ఫోర్టీ నేర్చుకున్నది ఆ బరువు మార్చుకోవడాన్నే. 1935లో ఫ్లోరెన్స్‌లో పుట్టి అమెరికాలో పెరిగిన ఆమె, 1968 ప్రాంతంలో రోమ్ జంతు ప్రదర్శనశాలలో బోనుల ముందు నిలబడి జంతువుల కదలికలు గమనించారు, బొమ్మలు గీసుకున్నారు. బోనులో ధ్రువపు ఎలుగు తలను అదే పనిగా అటూ ఇటూ తిప్పే తీరును తన ఒంట్లోకి తెచ్చుకున్నారు. దీన్ని రాసేటప్పుడు "తల ఊపింది" అనకండి, సరేనన్నట్టు అర్థమవుతుంది. "తలను అటూ ఇటూ ఊగించింది" అంటే చాలు.

నాకు ఎక్కువ ఇబ్బంది కలిగించింది "నటిస్తూ" అన్న మాట. నిద్ర నటించడం, ప్రేమ నటించడం అన్నప్పుడు అందులో లేనిది ఉన్నట్టు చూపడం ఉంది. "వేషం కట్టింది" అన్నా కుదరదు. మన పులివేషగాడు ఒంటికి చారలు పూసుకుని, తోక కట్టుకుని, డప్పు దెబ్బకు అడుగేస్తాడు, అతనికి ఆ మాట నిండుగా సరిపోతుంది. ఫోర్టీ చూపించదలచింది ఎలుగును కాదు, ఎలుగు నడక తన వెన్నులో, భుజాల్లో ఏం చేస్తుందన్నది. కాబట్టి "ఎలుగు నడకను తన ఒంటితో పట్టుకుంది" లాంటి వాక్యమే ఆ పనికి దగ్గరగా ఉంటుంది.

ఇక క్రియ. ఆమె నాట్యం వీడియో మళ్ళీ చూడండి. మోకాళ్ళు నేలకు ఆనితే "దోగాడింది" తప్పు కాదు, పసితనం ధ్వనించకూడదనుకుంటే "మోకాళ్ళ మీద నడిచింది" అనవచ్చు. అరికాళ్ళూ అరచేతులూ మాత్రమే ఆనితే "చేతులు కూడా నేలకు ఆనించి నడిచింది" అని విడమరచి రాయండి, ఒక్క మాటలో తేల్చాలని చూడకండి. 1977 నాటి ఆమె హోలోగ్రామ్ (లోతుతో సహా కనిపించే త్రిమితీయ చిత్రం) 'స్ట్రైడింగ్ క్రాలింగ్' పేరులోనే రెండు నడకలున్నాయి, అందులో మొదటిదానికి "అంగలు వేయడం" అన్న చక్కటి మాట మనకుంది.

మరొకటి. 2023లో ఇటలీలోని వెనిస్ నాట్యోత్సవం బియన్నాలెలో జీవితసాఫల్యానికి గోల్డెన్ లయన్ పురస్కారం అందుకున్న కళాకారిణి ఆమె. మీ వ్యాసంలో "నడిచింది" బదులు "నడిచారు" అంటే నాకు నచ్చుతుంది.