హైకోర్టుకి వెళ్తే ఇంటికి గన్‌మన్‌ని ఇస్తారా?

ప్రశ్న: మాది పాలకొల్లు దగ్గర పల్లెటూరండి. రొయ్యల పట్టుబడులకి ఐసు సప్లై చేసే ఫ్యాక్టరీ ఉంది. ఊళ్లో కొందరు నెలనెలా మామూలు ఇవ్వాలని, లోడింగుకి తమ బళ్లే పెట్టాలని మొదలెట్టారు. కాదన్నందుకు ఐసు బండిని గేటు దగ్గరే ఆపేశారు, రాత్రిపూట ఫోన్ చేసి చంపేస్తామంటున్నారు. స్టేషన్‌కి వెళ్తే ‘ఊళ్లోవాళ్లే కదా, కూర్చుని మాట్లాడుకోండి’ అన్నారు. హైకోర్టులో కేసు వేస్తే గన్‌మన్‌ని ఇస్తారని మా బావగారు అంటున్నారు. నిజమేనా? టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు.
– ఒక పాఠకుడు, పశ్చిమ గోదావరి జిల్లా

జవాబు: కోర్టుకి వెళ్లొచ్చన్నది నిజమే గానీ, గన్‌మన్ మాట మర్చిపోండి. ఎవరికి ఎంత ప్రాణహాని ఉందో పోలీసు శాఖే రిపోర్టులు తెప్పించుకుని తేలుస్తుంది, జడ్జిగారు మామూలుగా ఆ లెక్క తన చేతిలోకి తీసుకోరు. రాజ్యాంగం 226వ అధికరణం కింద రిట్ (అధికారులు తమ పని చేసేలా ఆదేశించమని హైకోర్టుని అడిగే పిటిషన్) వేస్తే ఎక్కువగా వచ్చే ఆర్డరు ఏమిటంటే, ‘ఇతని ఫిర్యాదు మీద చట్టప్రకారం చర్య తీసుకోండి, ప్రాణానికీ ఆస్తికీ రక్షణ కల్పించండి’ అని. ఇంతేనా అనుకోకండి. ఆ కాగితం వచ్చాక స్టేషన్‌లో ‘కూర్చుని మాట్లాడుకోండి’ అనడం కష్టం, కావాలని అమలు చేయకపోతే అది కోర్టు ధిక్కారం అవుతుంది. గేటు దగ్గర ప్రత్యేకంగా బందోబస్తు కావాలంటే మాత్రం ఆ ఖర్చు మిమ్మల్నే భరించమనే అవకాశం ఉంది.

అయితే ఇవాళే అమరావతి బస్సెక్కకండి. కింద ఉన్న దారులు వాడకుండా నేరుగా హైకోర్టుకి రావద్దని సుప్రీంకోర్టు 2007లో సకిరి వాసు కేసులోనే చెప్పింది. ముందు రాతపూర్వకంగా ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోండి. తీసుకోకపోతే అదే ఫిర్యాదు భీమవరంలో ఎస్పీగారికి స్పీడ్ పోస్టులో పంపి ఆ రసీదు దాచుకోండి, దానికీ కదలిక లేకపోతే మేజిస్ట్రేటు కోర్టు. ఇదంతా భారతీయ నాగరిక సురక్షా సంహిత (పాత సీఆర్‌పీసీ బదులు వచ్చిన చట్టం) 173వ సెక్షన్‌లోనే ఉంది.

అసలు చాలామంది దెబ్బతినేది ఫిర్యాదు రాసే తీరు దగ్గర. మొదటి పేజీ అంతా ఫలానా వాడికి ఇంత బాకీ, కిరాయి ఇంత, పోయినేడాది పార్ట్‌నర్‌షిప్ ఇలా చెడింది అని రాసి, చివర్లో ‘బెదిరిస్తున్నారు’ అని ఒక ముక్క పెడతారు. చదివే ఎస్సైగారు ఇది సివిల్ తగాదా అని పక్కన పడేస్తారు. కేసు కట్టదగిన నేరమైతే ఎఫ్‌ఐఆర్ తప్పనిసరి అని 2013లో సుప్రీంకోర్టు లలితా కుమారి తీర్పులో చెప్పింది నిజమే, కానీ వ్యాపార లావాదేవీల గొడవల్లో ముందు ప్రాథమిక విచారణ చేసుకోవచ్చని వెసులుబాటు కూడా అందులోనే ఉంది. కాబట్టి ఎవరు, ఏ తేదీన, ఎన్ని గంటలకు, ఏ నంబరు నుంచి, ఏ మాట అన్నారో మొదటి వరసల్లోనే ఉండాలి. ‘చంపేస్తాం’ అంటే ‘చంపేస్తాం’ అనే రాయండి, మర్యాదకి పోయి ‘అసభ్యంగా మాట్లాడారు’ అనకండి. డబ్బు కోసం బెదిరించడం భారతీయ న్యాయ సంహిత (పాత ఐపీసీ బదులు వచ్చిన చట్టం) 308వ సెక్షన్ కిందకి, చంపుతామనడం 351 కిందకి వస్తాయి.

కాల్ రికార్డింగు ఉన్న ఫోను మార్చకండి, అమ్మకండి. సీసీ కెమెరా ఫుటేజీ కొన్నాళ్లకి చెరిగిపోతుంది, బండి ఆపిన రోజుది వెంటనే కాపీ తీయించండి. ఇదివరకు ఒకటి రెండు నెలలు మామూలు ఇచ్చి ఉంటే దాచకుండా రాసేయండి, అవతలివాళ్లు ఎలాగూ బయటపెడతారు. ఫ్యాక్టరీ లైసెన్సు, ఐసు తయారీలో వాడే అమ్మోనియాకి సంబంధించిన పర్మిషన్లు సరిగ్గా ఉన్నాయో లేదో కూడా చూసుకోండి, అవతలివాళ్లు కోర్టులో వేసే జవాబులో (కౌంటర్) మొదట పట్టుకునేది వాటినే.

ఇంకో మాట, మీకు నచ్చకపోయినా చెప్పాలి. ఆ గుంపులో మీ దగ్గర లోడింగు చేసే కూలీలుండి, కూలి పెంచమని గేటు బయట ప్రశాంతంగా కూర్చుంటే దాన్ని పోలీసులతో లేపించమని అడగకండి. కోర్టు ఒప్పుకోదు, ఒప్పుకోకూడదు కూడా. బళ్లు ఆపడం వరకే అయితే భీమవరంలో లాయర్‌ని కలిసి సివిల్ కోర్టు నుంచి ఇంజంక్షన్ (అలా చేయొద్దని ఇచ్చే ఆర్డరు) తెచ్చుకోవచ్చు. దాన్ని వాళ్లు ఉల్లంఘిస్తే పోలీసు సాయం కోసం అదే కోర్టులో పిటిషన్ వేయొచ్చు.

ఈలోగా రాత్రి ఎవరైనా ఇంటి మీదకొస్తే 112కి ఫోన్ చేయండి. ఎస్పీగారికి పంపే అర్జీలోనే బైండోవర్ కూడా అడగండి. తహసీల్దారు ముందు వాళ్లచేత ఏడాది వరకు గొడవ చేయబోమని బాండు రాయించుకోవచ్చు. గన్‌మన్ కంటే మీకు ముందు అక్కరకొచ్చేది అదే.