స్ట్రెచింగ్ కంటే ముందు బలం

చిన్నా,

వారానికి నాలుగు రోజులు పరుగెడుతున్నావని తెలిసి సంతోషం వేసింది. మోకాలి చిప్ప చుట్టూ నొప్పిగా ఉంటోంది, స్ట్రెచింగ్ ఇంకాస్త పెంచమంటావా అని అడిగావు. స్ట్రెచింగ్ మానక్కర్లేదు కానీ, నీకు ముందు కావలసింది కాళ్లలో బలం.

పరుగంటే ఒంటికాలి మీద మళ్లీ మళ్లీ దిగడమే కదా. దిగిన ప్రతిసారీ మన బరువుకు రెండు మూడింతల భారం ఆ కాలి మీద పడుతుంది. అందులో పిక్కల వాటా చాలా ఎక్కువ. అయినా గుంజీళ్ల లాంటి స్క్వాట్లు చేసేవాళ్లు కూడా పిక్కల్ని వదిలేస్తారు. నువ్వు వాటితోనే మొదలుపెట్టు. మెట్టు అంచున మునివేళ్ల మీద నిలబడి మడమలు పైకెత్తు, మూడు అంకెలు లెక్కపెడుతూ కిందికి దించు. తొందరపడకు, నెమ్మదిగా దించడంలోనే అసలు పని ఉంది. మోకాలు నిటారుగా పెట్టి ఒకసారి, కాస్త వంచి ఇంకోసారి చెయ్యి. వంచినప్పుడు పిక్క లోపలి పొరలో ఉండే సోలియస్ కండరానికి ఎక్కువ పని పడుతుంది. పరుగులో మనల్ని ఎక్కువగా మోసేది అదే. రెండు కాళ్లతో తేలికైపోయాక ఒంటికాలికి మారు. ఒక్కో కాలితో ఆగకుండా ఇరవై, ఇరవై అయిదు వస్తే బాగున్నట్టే. ఆ తర్వాత వీపున బరువున్న బ్యాగు తగిలించుకో.

నీ మోకాలి సంగతికొస్తే, తుంటి పక్క కండరాలు చూసుకోవాలి. అద్దం ముందు తక్కువ ఎత్తు మెట్టు మీద ఒంటికాలితో నిలబడి, రెండో మడమ నేలకు తాకేదాకా మెల్లగా దిగు. మోకాలు లోపలికి వాలిపోతోందా, నడుము ఒక పక్కకు జారుతోందా గమనించు. అలా అయితే పక్కకు పడుకుని కాలు పైకెత్తడం, వెల్లకిలా పడుకుని ఒంటికాలితో నడుము ఎత్తే బ్రిడ్జి రెండూ చెయ్యి. ఈ దిగడం కూడా ఒక వ్యాయామంగా పనికొస్తుంది, నొప్పి పెరగనంత ఎత్తులోనే సుమా.

ఈ వ్యాయామాలు వారానికి రెండుసార్లు చాలు. దూరం ఎక్కువ పరుగెత్తాల్సిన రోజుకు ముందురోజు మాత్రం వద్దు.

పరుగుకు ముందు కదలకుండా పట్టి ఉంచే స్ట్రెచ్‌లతో పెద్దగా ఒరిగేదేమీ లేదు. అయిదారు నిమిషాలు వేగంగా నడిచి, కాళ్లు ముందుకూ వెనక్కూ ఊపి, ఒక కాలు ముందుకు వేసి మోకాళ్లు వంచే లంజ్‌లు నాలుగు వేసి బయల్దేరు. పరుగయ్యాక పిక్క, తొడ ముందుభాగం, వెనకభాగం ఒక్కోటి ముప్పై సెకన్లు సాగదియ్యి. కుదుపులు వద్దు.

ఒక్క విషయంలో నాకు నీ మీద బెంగ. నెలన్నరకల్లా కాళ్లలో బలం వచ్చినట్టు అనిపిస్తుంది, ఆ హుషారులో దూరం పెంచేస్తావు. కండరాలు త్వరగానే గట్టిపడతాయి. పిక్కను మడమ ఎముకకు కలిపే అకిలిస్ టెండన్‌కూ, ఎముకకూ నెలలు పడుతుంది. ఈ వ్యవధిలో దూరం పెంచేస్తే గాయాలు తగలొచ్చు.

వ్యాయామం చేసేటప్పుడు కొద్దిగా నొప్పి పుట్టి, మర్నాటికల్లా సర్దుకుంటే పర్వాలేదు. మర్నాటికి పెరిగితే బరువు, దూరం తగ్గించు. మోకాలి కింద ముందువైపు ఎముక మీద ఒకే చోట వేలితో నొక్కితే నొప్పి వేసినా, రాత్రిపూట సలిపినా పరుగు ఆపి డాక్టర్‌కు చూపించు. నొప్పి మాత్ర వేసుకుని మాత్రం పరుగెత్తకు.

అద్దం ముందు ఆ మెట్టు దిగి, ఏ కాలు తడబడిందో నాకు రాయి. దాన్నిబట్టి తర్వాతి నెలకు ఏం చెయ్యాలో చెబుతాను.

మీ పెదనాన్న