యూసుఫ్‌గూడ కృష్ణకాంత్ పార్కు ఒకప్పుడు చెరువా? ఇప్పుడు అక్కడ ఏమున్నాయి?

అవును, చెరువే. హైదరాబాద్ పెరిగేకొద్దీ చుట్టూ కాలనీలు వచ్చి కుంచించుకుపోయిన చెరువుల్లో యూసుఫ్‌గూడ చెరువు ఒకటి. ఆ జాగాలోనే ఈ పార్కు కట్టారు. చెరువు పోవడం నాకిప్పటికీ బాధే. అయితే అక్కడ కూడా పూర్తిగా అపార్ట్‌మెంట్లే లేచి ఉంటే, వాన నీళ్లు ఇంకడానికి ఈ కాస్త మట్టి కూడా మిగిలేది కాదు.

పేరు మాజీ గవర్నర్ కృష్ణకాంత్ గారిది. 1990 నుంచి 1997 వరకు ఆంధ్రప్రదేశ్ గవర్నరుగా చేసి, ఆ తర్వాత ఉపరాష్ట్రపతి అయ్యారు. 2002లో పదవిలో ఉండగానే కన్నుమూశారు.

లోపల వాకింగ్ ట్రాక్, పిల్లల ఆటస్థలం, కూర్చోడానికి బెంచీలు, మంచి నీడనిచ్చే చెట్లు ఉన్నాయి. పొద్దున్నే వెళ్తే నడకకు హాయిగా ఉంటుంది. మెట్రోలో వస్తే యూసుఫ్‌గూడ స్టేషన్‌లో దిగండి.