పాఠకుల ప్రశ్నలు: టోక్యో లోకల్ రైళ్లలో రోజూ తిరగాలంటే

ఉద్యోగాల మీద టోక్యో వెళ్తున్నవాళ్లు, వాళ్ల ఇంటివాళ్లు పంపిన ప్రశ్నలకు ఈసారి జవాబులిస్తున్నాం. అక్కడ భారతీయ కుటుంబాలు ఎక్కువగా ఉండేది ఎదొగావా వార్డులోని నిషి కసాయ్ చుట్టుపక్కల. అందుకే ఉదాహరణలు చాలావరకు ఆ ఊరి మీదుగా వెళ్లే తోజాయ్ మెట్రో లైను నుంచే తీసుకున్నాం.

ప్రశ్న: మా అబ్బాయి ఇల్లు నిషి కసాయ్‌లో, ఆఫీసు ఓతెమాచిలో. రెండూ ఒకే లైను మీద ఉన్నాయి, రైలు మారే పనే లేదు. అయినా సాయంత్రం తిరిగొచ్చేటప్పుడు ఇల్లు దాటి ఎక్కడికో వెళ్లిపోతున్నానంటున్నాడు. ఎందుకలా జరుగుతోంది? (ఒక పాఠకురాలు, గుంటూరు)

ఎక్కుతున్న లైను సరైనదే, రైలు రకమే వేరు. తోజాయ్ లైనులో అన్ని స్టేషన్లలో ఆగే లోకల్ రైళ్లతో పాటు రాపిడ్ రైళ్లూ అవే పట్టాల మీద నడుస్తాయి. నగరం నుంచి తూర్పుకు వచ్చే రాపిడ్ తోయోచో దాకా ప్రతి స్టేషన్‌లోనూ ఆగుతుంది. అందుకే అంతవరకూ ఏ అనుమానమూ రాదు. తోయోచో దాటాక మినామి సునామాచి, నిషి కసాయ్, కసాయ్ మూడింటినీ వదిలేసి ఉరయసులో ఆగుతుంది. ఉరయసు తర్వాత మళ్లీ ఆగేది నిషి ఫునబాషిలోనే.

మీ అబ్బాయికి చెప్పాల్సింది ఇది. ఓతెమాచిలో ప్లాట్‌ఫాం పైనున్న బోర్డు మీద రైలు రకం, గమ్యం రెండూ ఇంగ్లీషులో కూడా కనిపిస్తాయి. ‘లోకల్’ అని ఉన్న రైలే ఎక్కాలి. గమ్యం నిషి ఫునబాషి అయినా, త్సుదానుమా అయినా, తోయో కత్సుతాదాయ్ అయినా తేడా లేదు, మూడూ ఇంటివైపు వెళ్లేవే. చూసుకోకుండా రాపిడ్ ఎక్కేసినా కంగారు పడక్కర్లేదు. తోయోచోలో దిగి వెనక వచ్చే లోకల్ ఎక్కితే చాలు. తోయోచో కూడా దాటిపోతే ఉరయసులో దిగి, నకానో లేదా మితకా అని రాసి ఉన్న లోకల్‌లో రెండు స్టేషన్లు వెనక్కి రావాలి. పగటిపూట నగరంవైపు వెళ్లే రాపిడ్ కూడా నిషి కసాయ్‌లో ఆగదు. ఉదయం రద్దీలో నడిచే కమ్యూటర్ రాపిడ్ మాత్రం ఉరయసు నుంచి నగరందాకా అన్ని చోట్లా ఆగుతుంది కాబట్టి ఆఫీసుకు వెళ్లేటప్పుడు ఈ తిప్పలు ఉండవు.

స్టేషన్ల పేర్లు నోరు తిరగకపోతే నంబర్లు గుర్తుపెట్టుకోండి. తోజాయ్ లైనుకు ‘టి’ అక్షరం. నకానో టి01, ఓతెమాచి టి09, నిషి కసాయ్ టి16, ఉరయసు టి18. బండి కదిలాక నంబరు పెరుగుతుంటే తూర్పుకు వెళ్తున్నట్టు.

ప్రశ్న: ఇల్లు ఇంకా తీసుకోలేదు. తోజాయ్ లైనులో 199 శాతం రద్దీ అని చదివి భయమేసింది. వంద శాతం నిండాక ఇంకా ఎలా ఎక్కిస్తారు? (ఒక పాఠకుడు, విశాఖపట్నం)

అక్కడి లెక్కలో వంద శాతమంటే బండి కిక్కిరిసిందని కాదు. ప్రతి ఒక్కరికీ సీటో, పట్టుకోవడానికి పైనున్న హ్యాండిలో, తలుపు పక్క కడ్డీయో దొరికితే వంద. 150 అంటే భుజాలు తగులుతున్నా పేపరు తెరిచి చదువుకోవచ్చు. 180కి పేపరు మడిచి పట్టుకోవాలి. 200 దగ్గర ఒంటికి ఒళ్లు ఆనుకుని బాగానే ఒత్తిడి ఉంటుంది. 250కి చేయి కూడా కదపలేరు. తోజాయ్‌లో 199 నమోదైంది 2019 ఆర్థిక సంవత్సరంలో, కిబా నుంచి మోంజెన్ నకాచో మధ్య, ఉదయం అన్నిటికన్నా రద్దీ ఉన్న ఒక్క గంటలో. కోవిడ్ తర్వాత అది బాగా తగ్గింది. అయితే ఇది గంట మొత్తానికి, అన్ని పెట్టెలకు కలిపి తీసిన సగటు. మెట్ల ఎదురుగా ఆగే పెట్టెలో అంతకన్నా ఎక్కువ ఉంటారు, చివరి పెట్టెల్లో తక్కువ ఉంటారు. దిగే స్టేషన్‌లో ఒకటి రెండు నిమిషాలు ఎక్కువ నడవడానికి సిద్ధపడితే నిలబడటానికి కాస్త చోటు దొరుకుతుంది.

రద్దీ వల్ల రైలు ఆలస్యమయ్యేది పరుగులో కాదు, తలుపుల దగ్గర. ఒక్కో స్టేషన్‌లో పది, పదిహేను సెకన్లు ఎక్కువ ఆగితే వెనకున్న రైళ్లన్నీ వరసగా నిలిచిపోతాయి. అందుకే ఈ లైనులో మామూలుగా 1.3 మీటర్లుండే తలుపులను 1.8 మీటర్లకు పెంచిన 15000 సిరీస్ రైళ్లను 2010లో దింపారు. మినామి సునామాచి స్టేషన్‌ను రెండు ప్లాట్‌ఫాంలు, మూడు పట్టాలుగా మార్చే పని చేపట్టిందీ ఇందుకే. ఒక రైలు జనాన్ని ఎక్కించుకుంటుండగానే వెనకది పక్క పట్టా మీదికి వచ్చేయగలదు.

మీ వైపు నుంచి చేయాల్సినవీ ఉన్నాయి. వీపు సంచిని ముందుకు తగిలించుకోవాలి, లేదా పై అరలో పెట్టాలి. తలుపు దగ్గర నిలబడ్డవాళ్లు మోంజెన్ నకాచో, కయాబాచో లాంటి మారే స్టేషన్లలో ఓసారి ప్లాట్‌ఫాం మీదికి దిగి, దిగేవాళ్లకు దారిచ్చి, మళ్లీ ఎక్కాలి. మీ చోటు పోతుందని బెంగ వద్దు, అందరూ పాటించే పద్ధతే. మూసుకునే తలుపులో చేయో సంచో అడ్డం పెట్టడం మాత్రం పెద్ద తప్పు. మీకు కలిసొచ్చేది రెండు నిమిషాలు, ఆలస్యమయ్యేది వేలమందికి. పనిరోజుల్లో ఉదయం ఆడవాళ్లకు ప్రత్యేక పెట్టె ఉంటుంది, ప్లాట్‌ఫాం నేల మీద గులాబీ రంగు గుర్తు చూసి నిలబడండి. చిన్న బడిపిల్లలు కూడా అందులో ఎక్కవచ్చు.

ప్రశ్న: సుయికా తీసుకోవాలా, పాస్మోనా, నెలవారీ పాసా? ఆఫీసు వారానికి మూడు రోజులే. (ఒక పాఠకుడు, హైదరాబాద్)

రెండూ ముందే డబ్బు వేసుకుని స్టేషన్ గేటుకు తాకించే కార్డులు. సుయికా జేఆర్ ఈస్ట్ అనే రైల్వే కంపెనీది, 2001లో వచ్చింది. పాస్మో మెట్రోలు, ప్రైవేటు రైళ్ల కంపెనీలది, 2007లో వచ్చింది. రోజువారీ ప్రయాణానికి ఏదైనా ఒకటే. డిపాజిట్ 500 యెన్లు, కార్డులో అత్యధికంగా 20,000 యెన్లు ఉంచుకోవచ్చు. రెండు కార్డులు ఒకే పర్సులో పెట్టి తాకిస్తే గేటు చదవలేక మూసుకుంటుంది. దిగేచోట డబ్బు చాలకపోతే గేటుకు ఇవతలే ఉన్న సర్దుబాటు యంత్రంలో నింపుకుంటే సరిపోతుంది. దూరం వెళ్లేటప్పుడు మాత్రం జాగ్రత్త. టోక్యోలో కార్డు తాకించి ఎక్కి, అతామి దాటి షిజువోకా వైపు దిగితే గేటు తెరుచుకోదు. అక్కడికి కాగితం టికెట్టే కొనాలి.

ఇక పాసు సంగతి. దాన్ని తెయికి అంటారు, ఒకటి, మూడు, ఆరు నెలలకు ఇస్తారు. చాలా మార్గాల్లో నెలకు పదిహేను నుంచి పద్దెనిమిది రానుపోను ప్రయాణాలు చేస్తే గాని పాసు గిట్టుబాటు కాదు. వారానికి మూడు రోజులంటే పన్నెండో పదమూడో అవుతాయి. పాసు దండగ, కార్డులో డబ్బు వేసుకు తిరగండి. కంపెనీయే పాసు కొనిస్తే సంగతి వేరు. పాసు మార్గంలో ఆదివారాలు కూడా మధ్యలో ఎక్కడైనా దిగి ఎక్కవచ్చు.

ఆరు నెలల పాసు చవకే కానీ, మధ్యలో ఇల్లు మారతారనుకుంటే తొందరపడకండి. వాపసు ఇచ్చేటప్పుడు వాడిన కాలాన్ని నెలల్లో లెక్కిస్తారు. నెల దాటి ఒక్క రోజైనా రెండు నెలలు వాడినట్టే. పైగా ఆ వాడిన నెలలకు ఆరు నెలల ధరలో వాటా కాదు, విడి పాసుల ధర కోసుకుంటారు. దానిపైన 220 యెన్ల రుసుము. కాబట్టి ఇల్లు ఖాళీ చేసే తేదీ కన్నా పాసు మొదలైన తేదీ చూసుకుని, నెల నిండకముందే కౌంటర్‌కు వెళ్లండి. పేరుతో ఉన్న కార్డు పోతే వెంటనే ఏదైనా స్టేషన్‌లో చెప్పి ఆపించండి. మర్నాటి నుంచి కొత్త కార్డు ఇస్తారు, పాసూ డబ్బూ అందులోకి వచ్చేస్తాయి.

అన్నిటికన్నా ఎక్కువమంది మరిచిపోయేది కంపెనీల సంగతి. టోక్యో మెట్రో, తోయెయ్ మెట్రో (టోక్యో నగర ప్రభుత్వానిది), జేఆర్, ప్రైవేటు లైన్లు ఎవరి ఛార్జీ వాళ్లదే. కంపెనీ మారినప్పుడల్లా కనీస ఛార్జీ మళ్లీ మొదలవుతుంది. టోక్యో మెట్రో నుంచి తోయెయ్‌కు మారితే 70 యెన్లు తగ్గిస్తారు, అంతే. తోజాయ్ రైలు నకానో దాటి మితకా దాకా నేరుగా వెళ్తుంది గానీ నకానో తర్వాతి పట్టాలు జేఆర్‌వి. కూర్చున్న సీటు మారకపోయినా ఛార్జీ రెండు కంపెనీలది పడుతుంది. ఇల్లు వెతికేటప్పుడు దూరం కన్నా ముందు ఇది చూడాలి.

ప్రశ్న: గాలివాన రోజు రైళ్లు ఆగిపోతే ఇంటికి ఎలా చేరాలి? (ఒక పాఠకురాలు, రాజమహేంద్రవరం)

నిషి కసాయ్‌లో ఉండేవాళ్లు ఇది ముందే తెలుసుకుని ఉండాలి. తోజాయ్ లైను నగరంలో సొరంగంలో నడిచి, మినామి సునామాచి దాటగానే పైకి వచ్చి అరాకావా, నకాగావా నదుల మీది 1,236 మీటర్ల వంతెన ఎక్కుతుంది. నిషి కసాయ్ సరిగ్గా ఆ వంతెనకు అవతలి ఒడ్డున ఉంది. 1978 ఫిబ్రవరి 28 రాత్రి ఆ వంతెన మీద వెళ్తున్న రైలును సుడిగాలి కొట్టి వెనక పెట్టెలను పడదోసింది. గాలి మితిమీరితే రైళ్లు ఆపుతారు. అలాంటప్పుడు సొరంగంలో తోయోచో దాకా రైళ్లు నడుస్తూనే ఉండవచ్చు, అది చూసి ఆశపడి ఎక్కితే తోయోచోలో చిక్కుకుంటారు.

ఓతెమాచి నుంచయితే హాంజోమోన్ లైనులో ఒక్క స్టేషన్ వెళ్లి జింబోచోలో దిగండి. అక్కడ తోయెయ్ షింజుకు లైను ఎక్కి ఫునబోరి చేరండి. అక్కణ్ణుంచి నిషి కసాయ్‌కు బస్సు ఉంది. బస్సు వరుస పొడుగ్గా ఉంటే నడిచినా రెండు, రెండున్నర కిలోమీటర్లే. దక్షిణాన ఉన్న జేఆర్ కేయియో లైను వైపు మాత్రం వెళ్లొద్దు. అది సముద్రం వెంబడి ఎత్తు మీద నడుస్తుంది కాబట్టి అదే గాలికి అదీ ఆగుతుంది.

ఇలాంటప్పుడు ఫురికాయె అనే సదుపాయం ప్రకటిస్తారు. పాసు ఉన్నవాళ్లు, కాగితం టికెట్టు ముందే కొన్నవాళ్లు, రైల్వేవాళ్లు చెప్పిన వేరే లైన్లలో అదనంగా ఏమీ కట్టకుండా వెళ్లవచ్చు. గేటుకు కార్డు తాకించకూడదు, తాకిస్తే డబ్బు కోసుకుంటుంది. సిబ్బంది ఉన్న గేటు దగ్గర పాసు చూపించి లోపలికి వెళ్లాలి, దిగేచోటా అలాగే. కార్డులో డబ్బు వేసుకుని తిరిగేవాళ్లకు ఈ సదుపాయం లేదు. వాళ్లు కొత్త లైను ఛార్జీ పెట్టుకోవాల్సిందే. గేటు లోపలికి వెళ్లాక రైలు ఆగిందని తెలిస్తే సిబ్బందికి చెప్పి ప్రవేశాన్ని రద్దు చేయించుకుని బయటికి రండి. అలా చేయించకపోతే మర్నాడు ఏ గేటూ ఆ కార్డును ఒప్పుకోదు. ఆఫీసుకు ఆలస్యమైతే గేటు దగ్గర ఆలస్య ధ్రువపత్రం ఇస్తారు, రైల్వే వెబ్‌సైట్‌లో కూడా దొరుకుతుంది.

ప్రశ్న: రెండు నిమిషాలకో రైలు వాళ్లకెలా సాధ్యం? మన ఎంఎంటీఎస్‌కు ఎందుకు కాదు? (ఒక పాఠకుడు, సికింద్రాబాద్)

అసలు కారణం సిగ్నళ్లో కంప్యూటర్లో కాదు, విడి పట్టాలు. 2003లో మొదలైన ఎంఎంటీఎస్ లింగంపల్లి మార్గంలో దూరప్రాంత రైళ్లతో, గూడ్సులతో పట్టాలు పంచుకుంటోంది. ఎక్స్‌ప్రెస్ వస్తే లోకల్ ఆగాలి. టోక్యోలోనూ ఒకప్పుడు ఇంతే. నగరంలో గుండ్రంగా తిరిగే యమనోతె లైను 1956 దాకా తమాచి, తబాతా మధ్య కేయిహిన్ తోహోకు రైళ్లతో ఒకే పట్టాల మీద నడిచింది. విడదీశాకే రెండూ ఊపిరి పీల్చుకున్నాయి. 1965 నుంచి అప్పటి జాతీయ రైల్వే నగరంలోకి వచ్చే ఐదు దిక్కుల ప్రధాన మార్గాలనూ నాలుగేసి పట్టాలుగా, కొన్నిచోట్ల అంతకు మించి పెంచుకుంటూ పోయింది. చూఓ లైనులో మితకా దాకా ఆ పని 1969కి పూర్తయింది. 1973లో నగరం చుట్టూ ముసాషినో లైను వేసి గూడ్సులను అటు మళ్లించారు. అలా తెరిపినపడ్డ యమనోతె గూడ్సు పట్టాల మీదే 1986లో సైక్యో లైను రైళ్లు షింజుకు చేరాయి. ఇంత ఖర్చు, ఇన్నేళ్ల ఓపిక పెట్టారు కాబట్టే ఈ రోజు రైలు వెనక రైలు నడుస్తోంది. ఇక్కడ కొత్త రైళ్లు కొన్నంత మాత్రాన అది రాదు. పట్టాలు వేరు చేయమని అడగాలి.

ప్రశ్న: శని, ఆదివారాల్లో కోయెంజి వెళ్లాలంటే నారింజ రంగు రైలు ఆగలేదు. అలాగే ఎక్స్‌ప్రెస్‌కు అదనపు ఛార్జీ ఉంటుందా? (ఒక పాఠకుడు, తిరుపతి)

చూఓ రాపిడ్ సెలవు రోజుల్లో కోయెంజి, అసగాయా, నిషి ఓగికుబోలలో ఆగదు. పసుపు గీత ఉన్న చూఓ సోబు లోకల్ ఎక్కండి. అదనపు ఛార్జీ సంగతి కంపెనీని బట్టి ఉంటుంది. జేఆర్‌లో తొక్క్యూ (లిమిటెడ్ ఎక్స్‌ప్రెస్) అని ఉంటే వేరే టికెట్టు కొనాలి. కేయో, తోక్యూ అనే ప్రైవేటు కంపెనీల లైన్లలో అదే పేరున్న రైలుకు మామూలు ఛార్జీయే. ఒదక్యూ రొమాన్స్‌కార్‌కు, కేయిసెయ్ స్కైలైనర్‌కు అదనంగా కట్టాలి.

ప్రశ్న: ఆఖరి రైలు ఎన్నింటికి? (ఒక పాఠకురాలు, నెల్లూరు)

లైనును బట్టి అర్ధరాత్రి అటూఇటూ. 2021లో జేఆర్ ఈస్ట్ చాలా లైన్లలో ఆఖరి రైళ్లను అరగంట దాకా ముందుకు జరిపింది కాబట్టి పాత సమాచారం నమ్మొద్దు. మొదటి రైలు మళ్లీ నాలుగున్నర, ఐదుకే. ఆ వేళ రైలు మీ స్టేషన్ దాకా వెళ్తుందో లేదో గమ్యం చూసి ఎక్కండి. గుండ్రంగా తిరిగే యమనోతె కూడా పొద్దుపోయాక ఒసాకిలోనో ఇకెబుకురోలోనో ఆగిపోతుంది. అక్కడ దిగిపోతే మిగిలేది ట్యాక్సీయే, రాత్రి పది నుంచి ఉదయం ఐదు దాకా దానికి 20 శాతం అదనం.