మికేయాలు ఆదిమానవులు కారు, వాళ్లది ఎవరికీ అర్థంకాని భాషా కాదు

ప్రశ్న: మడగాస్కర్ అడవుల్లో మికేయా అనే రాతియుగం నాటి తెగ ఇంకా ఉందట. వాళ్ల భాష పక్క ఊరివాళ్లకి కూడా అర్థం కాదట. నిజమేనా? వాళ్ల సంస్కృతి గురించి తెలిసినవాళ్లు చెప్పగలరు.

రెండూ నిజం కాదు. రాతియుగమూ కాదు, అర్థంకాని భాషా కాదు. ఇంతకుముందు ఇక్కడ జవాబులు రాసినవాళ్లలో ఒక్కరైనా ఆ దేశంలో అడుగుపెట్టినట్టు లేరు. ఏదో వీడియో చూసి రాసినవే అన్నీ. ఆ వీడియోల సంగతి తర్వాత చెప్తాను.

సెల్ టవర్లు నిలబెట్టే పని మీద నేను మడగాస్కర్ నైరుతి మూలకి వెళ్లాను. తూలియార్ నుంచి ఉత్తరంగా మొరొంబె వైపు పోయే తొమ్మిదో నంబరు జాతీయ రహదారి పొడుగునా మా సైట్లు. జాతీయ రహదారి అంటే మన హైవే ఊహించుకోకండి. అప్పట్లో చాలా దూరం అది ఇసుకలో లారీలు తొక్కిన దారి, అంతే. తూర్పున ఆ రోడ్డు, పడమర మొజాంబిక్ జలసంధి, మధ్యలో మికేయా అడవి.

ఆ అడవి మన మారేడుమిల్లిలా పచ్చగా ఉండదు. తూలియార్ చుట్టుపక్కల ఏడాదంతా కలిపి 400 మిల్లీమీటర్ల వాన పడితే గొప్ప, అదీ దాదాపు అంతా డిసెంబరు నుంచి మార్చి లోపలే. నేలంతా ఇసుక. బావోబాబ్ చెట్లు, గీరితే పాలు కారే జెముడు జాతి చెట్లు, ఒంటినిండా ముళ్లతో పైకి చేతులు చాచినట్టుండే ఆక్టోపస్ చెట్లు. వానలు ఆగాక లోపల వాగు గానీ చెలమ గానీ ఉండదు. అలాంటి చోట మనుషులు నెలల తరబడి ఎలా బతుకుతారో నా కళ్లతో చూశాను కాబట్టే ఇంత గట్టిగా చెప్తున్నాను.

మా దగ్గర కూలికొచ్చే కుర్రాడొకడు మసికోరో. అంటే అక్కడ వ్యవసాయం, పశువులు చేసుకునే జనం. ఒక ఆదివారం వాడు అడవిలో ఉన్న మేనమామని చూడ్డానికి బయల్దేరితే నేనూ వెంటపడ్డాను. మసికోరోవాడికి మికేయా మేనమామ ఎలా ఉన్నాడని అప్పుడే అడగాలి నేను. వాళ్లకి అది అడగాల్సినంత విషయమే కాదు.

పొద్దున్నే బయల్దేరి ఎండ ముదిరే వేళకి చేరాం. గడ్డి, చెట్టుబెరడుతో కట్టిన చిన్న చిన్న గుడిసెలు కొన్ని. మేనమామ తేనె కోసం వెళ్లాడట. ఆయన భార్య దుంపలకి బయల్దేరుతోంది, మమ్మల్నీ రమ్మంది. ఆవిడ ఒంటి మీద ఏదో ఫుట్‌బాల్ జట్టు బనియను, కింద లుంగీలా చుట్టిన లాంబా. చేతిలో ఇనుప మొన ఉన్న గుణపం లాంటి కర్ర, ఒక చెక్క గిన్నె. సరంజామా అంతే.

ఆవిడ నేల వైపు చూడలేదు, చెట్ల కొమ్మల వైపు చూస్తూ నడిచింది. ఆ కాలంలో తీగలన్నీ ఆకు రాల్చి ఎండిపోయి ఉంటాయి. నాకు అన్నీ ఒకేలా కనిపించాయి. ఆవిడ ఒక సన్నటి ఎండుతీగని రెండు వేళ్లతో పట్టుకుని, తెగకుండా, అది ఎక్కడ నేలలోకి దిగిందో అక్కడిదాకా జారుకుంటూ వచ్చింది. కూర్చుని గుణపంతో పొడవడం, గిన్నెతో ఇసుక తోడి పక్కన పోయడం. చూస్తుండగానే చెయ్యి మోచేతి దాకా దిగింది, తర్వాత భుజం దాకా. చెంప నేలకి ఆన్చి, కళ్లు మూసుకుని లోపల వేళ్లతో తడిమింది. దుంపకి గుణపం తగిలితే నీళ్లు పోతాయని కుర్రాడు చెప్పాడు. చివరికి పైకి తీసింది బాబో అనే దుంప. తోలు తీసి ముక్క కోసి నా చేతిలో పెట్టింది. లేత సొరకాయ కొరికినట్టుంది. చప్పగా, నోటినిండా నీరు. అడవి లోపల మకాం ఉన్నప్పుడు వాళ్లకి తాగునీరు అదే. ఆకలికి తినే దుంప వేరు, దాన్ని ఓవీ అంటారు. దాన్ని కాల్చుకునో ఉడకబెట్టుకునో తింటారు.

మట్టి దులుపుకుంటూ ఆవిడ నన్ను అడిగిన మొదటి ప్రశ్న, నువ్వు కరానావా అని. తూలియార్‌లో కొట్లు పెట్టుకుని తరతరాలుగా ఉంటున్న గుజరాతీ మూలాల వాళ్లని అక్కడ అలా పిలుస్తారు. కాదు, ఇండియానే గానీ వేరే వైపు అన్నాను. ఆవిడకి ఆ తేడాతో పనిలేదు. రెండో ప్రశ్న వెంటనే వచ్చింది: "బెఫండ్రియాన సంతలో మొక్కజొన్న ఎంత పలుకుతోంది?"

రాతియుగం మనిషి మొక్కజొన్న రేటు అడుగుతుందా? వాళ్లకీ మొక్కజొన్న చేలున్నాయి. వానల్లో పైరు వేస్తారు, గింజలైపోయాక అడవి లోపలికి వెళ్తారు, తేనె, దుంపలు, ఎండబెట్టిన మాంసం వొరెహె లాంటి ఊళ్ల సంతల్లో అమ్మి బట్టలు, ఉప్పు, ఇనుప సామాను కొనుక్కుంటారు. చలికాలంలో చెట్టుతొర్రల్లో మత్తుగా పడి నిద్రపోయే చిన్న ముళ్లజంతువుని పట్టుకుంటారు, దాన్ని తంబుట్రీకా అంటారు. కొన్ని కుటుంబాలు సముద్రం ఒడ్డుకి పోయి చేపలూ పడతాయి. ఈ ఏడాది ఏది కలిసొస్తే అది చేసే జనం. దీన్ని తెలివి అంటారు, వెనకబాటుతనం అనరు.

అసలు మికేయా, మసికోరో, వెజో అన్నవి మూడు వేర్వేరు జాతులు కావు. పొలం చేస్తే మసికోరో, సముద్రం మీద బతికితే వెజో, అడవి మీద బతికితే మికేయా. వంశాల పేర్లు ముగ్గురికీ ఉమ్మడే. ఒకే ఇంట్లో అన్న మసికోరో, తమ్ముడు మికేయా అయి ఉండొచ్చు. మన కుర్రాడి మేనమామ సంగతి అదే. కులం పుట్టుకతో వస్తుందని నేర్చుకున్న మన బుర్రలకి ఇది ఎక్కడం కష్టం. అందుకే తెగ, జాతి అంటూ గీతలు గీస్తాం.

పెద్దల నుంచి విన్నదేమిటంటే, వాళ్ల ముత్తాతలు అడవిలోకి పారిపోయి వచ్చారట. ఒకప్పుడు ఆ ప్రాంతాన్ని ఏలిన అంద్రెవోలా రాజుల కప్పాల నుంచి, బానిసల కోసం ఊళ్ల మీద పడే దండుల నుంచి, 1896లో ఫ్రెంచివాళ్లు దేశాన్ని కలిపేసుకున్నాక తలపన్ను నుంచి. నీళ్లు లేని అడవిలోకి సైనికుడు రాడు. దుంపలో నీళ్లు దొరుకుతాయని తెలిసినవాడికి ఆ అడవే కోట. 2014లో అమెరికా జాతీయ శాస్త్ర అకాడమీ పత్రికలో వచ్చిన జన్యు పరిశోధన కూడా ఇటువైపే చూపించింది. మికేయాల రక్తంలో ఉన్నది మిగతా మలగాసీల్లో, అంటే మడగాస్కర్ జనంలో ఉన్నదే, ఆఫ్రికా బంటూ, ఆగ్నేయాసియా కలగలుపు. వాళ్ల పూర్వీకులు వ్యవసాయం తెలిసినవాళ్లే, తర్వాత వేట, సేకరణ వైపు మళ్లారని దాని సారాంశం. ద్వీపానికి అందరికన్నా ముందొచ్చి మిగిలిపోయిన మరుగుజ్జు జనం అని కొన్ని వీడియోల్లో చెప్పేది కట్టుకథ.

ఆ వీడియోల గురించి చెప్పకుండా ఉండలేను. బనియను వేసుకున్న మనిషిని బనియను విప్పమని, చేతిలో ఉన్న రేడియో గుడిసెలో పెట్టమని చెప్పి తీస్తే తప్ప వాళ్లకి వ్యూస్ రావు. మన ఆదివారం అనుబంధాల్లోనూ ఇదే తంతు, ‘నాగరికత సోకని’ అని మొదలుపెడతారు. మా అమ్మమ్మగారిది దోర్నాల పక్కన ఊరు. తేనె, చింతపండు తెచ్చే చెంచులు ఇంటి ముందు కూర్చుని మాట్లాడితే మాకు ప్రతి మాటా తెలిసేది, ఎందుకంటే చెంచులు మాట్లాడేది తెలుగే. అయినా బయటివాళ్లు వచ్చి ‘వాళ్ల వింత భాష’ అని రాసుకుపోవడం చిన్నప్పటి నుంచి చూస్తున్నాను. నాకు ఈ విషయంలో కోపం ఎక్కువ. తగ్గించుకునే ఉద్దేశం కూడా లేదు.

భాష దగ్గరికి వస్తాను. మికేయాలు మాట్లాడేది మలగాసీ భాషే, అందులో నైరుతి యాస. చుట్టుపక్కల మసికోరోలు, వెజోలు మాట్లాడేదే. మా కుర్రాడు వాళ్లత్తతో రోజంతా కబుర్లు చెప్పాడు, ఏ దుబాసీ అక్కర్లేదు. ఇబ్బంది పడింది ఎవరో తెలుసా? అంటననరివో నుంచి మాతో వచ్చిన ఇంజినీరు. ఆయన పుట్టు మలగాసీ, అయినా రాజధాని మాట వేరు. అక్కడివాళ్లు ‘డి’ అనే చాలా చోట్ల వీళ్లు ‘లి’ అంటారు. రాజధానిలో ఐదంటే డిమి, ఇక్కడ లిమి. అక్కడ భార్య వాడి, ఇక్కడ వాలి. మాట చివర్లూ మారిపోతాయి. శ్రీకాకుళం యాస మొదటిసారి విన్న చిత్తూరువాడిలా ఆయన మొహం పెడితే, బెఫండ్రియాన సంతలో జనం నవ్వారు. అంటే పక్క ఊరికి అర్థంకానిది మికేయాల మాట కాదు, రాజధానివాళ్లకి మొత్తం నైరుతి మాటే కొత్త. ఈ తేడా తెలియకే ‘రహస్య భాష’ పుట్టుకొచ్చింది.

ఆ భాష పుట్టింది ఆఫ్రికాలో కాదు. దానికి దగ్గరి చుట్టం బోర్నియోలో బారిటో నది పక్కన మాట్లాడే మాన్యాన్. నార్వే పండితుడు ఒట్టో డాల్ 1951లో ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి చూపించాడు. పడవల మీద హిందూ మహాసముద్రం దాటి వచ్చిన భాష అది. వచ్చాక ఆవుకీ, కుక్కకీ, గొర్రెకీ ఆఫ్రికా తీరం మాటలు చేరాయి. వారాల పేర్లు అరబ్బులవి. దక్షిణాదిలో పాతకాలపు నెలల పేర్లయితే ఫౌసా, మాకా, వాట్రవాట్ర. మన పుష్యం, మాఘం, భాద్రపదమే! మలయా, జావా దీవుల మీదుగా సంస్కృతం అక్కడిదాకా వెళ్లింది. ఇది చూసి ‘మడగాస్కర్‌లో ఒకప్పుడు మనవాళ్లే ఉండేవారు’ అని దయచేసి ఎవరూ మొదలుపెట్టకండి.

నమ్మకాల సంగతి అడిగారు కాబట్టి కొంచెం. అడవిలో కొకో అనే ఆత్మలుంటాయని, తేనె, దుంప, వేట వాటి దయ అని అంటారు. జబ్బు చేసినా, దారి తప్పినా ఒంబియాసా దగ్గరికి వెళ్తారు, ఆయన గింజలు పరిచి లెక్కలు వేసి చెప్తాడు. ఆ గింజల శాస్త్రం అరబ్బుల నుంచి వచ్చింది, దేశమంతా ఉంది. మికేయాలకే ప్రత్యేకం కాదు.

నన్ను బాధపెట్టేది ఇంకొకటి. 1980ల నుంచి ఆ అడవిని నరికి కాల్చి మొక్కజొన్న వేయడం విపరీతంగా పెరిగింది. అక్కడ దాన్ని హాట్సాకె అంటారు. పండిన పంటలో కొంత రీయూనియన్ దీవిలో పశువుల, కోళ్ల దాణాకి ఓడలెక్కింది. రెండు మూడేళ్లు పండాక ఇసుకలో సారం పోతుంది, కలుపు కమ్మేస్తుంది, మళ్లీ కొత్త అడవి నరకాలి. మికేయాలూ నరికారు, కాదనను. కానీ ఎక్కువ నరికింది ఎక్కడెక్కడి నుంచో వచ్చినవాళ్లు, లాభం తిన్నది వ్యాపారులు. తర్వాత 2011లో 1,80,000 హెక్టార్ల పైచిలుకుతో మికేయా జాతీయ పార్కు వచ్చింది. అడవి మిగలాలి, అందులో నాకు రెండో మాట లేదు. ప్రపంచంలో ఇంకెక్కడా లేని పొడుగుతోక నేలపిట్ట బతికేది ఆ ఫియెరెనానా, మంగోకీ నదుల మధ్య తీరపు అడవిలోనే. కానీ హద్దురాళ్లు పాతేటప్పుడు, ఎండుతీగ పట్టుకుని దుంప వెతికే మనిషినీ, లారీల కోసం అడవి తగలబెట్టే మనిషినీ ఒకే గాట కట్టకూడదు. నల్లమలలో పులుల అభయారణ్యం పేరుతో చెంచులతో పడే పేచీ ఇదే. పార్కుకి వాళ్ల పేరు పెట్టినంత తేలిక కాదు, వాళ్లని అడవిలో ఉండనివ్వడం.

ఆ భాష నేర్చుకోవాలని ఎవరికైనా ఉంటే ఒక సలహా. పుస్తకాల్లో, యాప్‌లలో దొరికేదంతా రాజధాని మాట. దాన్ని పునాదిగా పెట్టుకోండి గానీ అక్కడే ఆగకండి. తూలియార్‌లో దిగి, సంతల్లో తిరిగి, మసికోరో మనిషినొకర్ని తోడు పెట్టుకోండి. లోపలికి వెళ్లేకొద్దీ ఫ్రెంచి పనికిరాదు. సలామా అని పలకరిస్తే చాలు, మాట్లాడేవాళ్లు మాట్లాడతారు. మనకి కష్టమనిపించేది ఒక్కటే, అక్కడ క్రియ ముందొస్తుంది, కర్త చివర్లో వస్తుంది, మన తెలుగుకి తలకిందులు. ఆ వరస నోటికి పట్టిందంటే మిగతాది సంతలో బేరమాడుతూ వచ్చేస్తుంది.